కొరియా రాణి కథ వేశారు, కొరియా రాళ్ళ సంగతి కూడా వేయండి

సంపాదకులు గారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ అనుబంధంలో కొరియా మహారాణి మన అయోధ్య ఆడపడుచే అని అరపేజీ వేశారు. ఇంటర్ చదువుతున్న మా అమ్మాయికి కొరియన్ సీరియల్స్ అంటే ప్రాణం. ఆ పేజీని ఫోటో తీసి కాలేజీ గ్రూపులో పెట్టింది. సాయంత్రానికల్లా అది "కొరియావాళ్ళ పూర్వీకులు మనవాళ్ళే, అమ్మ అనే మాట కూడా మన దగ్గర్నుంచే తీసుకెళ్ళారు" దాకా పోయింది. రెండు రోజులు ఇంట్లో ఇదే వాదన. పిల్లలు పేపర్లో వచ్చింది నిజమని నమ్ముతారండీ, అందుకే ఈ ఉత్తరం రాస్తున్నాను.

ఆ కథ వద్దని నేననడం లేదు. కానీ అది ఎక్కడ ఉందో, ఎప్పుడు రాశారో మీరు ఒక్క ముక్క కూడా చెప్పలేదు. 13వ శతాబ్దం చివర్లో ఇర్యొన్ అనే బౌద్ధ భిక్షువు కూర్చిన 'సామ్‌గుక్ యుసా' అనే గ్రంథంలో ఉంది. ఆ రాణి పెళ్ళి జరిగిందని చెప్పేదేమో క్రీ.శ. 48లో. అంటే మధ్యలో 1200 ఏళ్ళకు పైగా తేడా. అదే కథలో పెళ్ళికొడుకు సూరో రాజు ఆకాశం నుంచి దిగిన బంగారు గుడ్డులోంచి పుట్టాడు, 158 ఏళ్ళు బతికాడు. పదహారేళ్ళ రాకుమారి హొ హ్వాంగ్-ఓక్ 'అయుత' దేశం నుంచి ఓడలో వచ్చింది. అయుత అంటే అయోధ్యే అన్నది తర్వాతివాళ్ళు చెప్పిన అర్థం. ఆ కాలంలో ఆ ఊరికి సాకేతం అనే పేరే ఎక్కువ వాడుకలో ఉండేది. గుడ్డు సంగతి వదిలేసి అయోధ్య ఒక్కటే పట్టుకోవడం ఎలా కుదురుతుంది?

అయినా ఆ కథకు విలువ లేకపోలేదు. దక్షిణ కొరియాలోని గింహె ఊరి పేరుతో ఉన్న కిమ్ వంశం, హొ వంశం ఇద్దరూ ఆ దంపతుల సంతతి అని నమ్మి, ఎన్నో తరాలు ఒకరింటి పిల్లను ఒకరు చేసుకోలేదు. సగోత్రం అన్నమాట. మా అమ్మాయికి ఇది చెబితే ఆశ్చర్యపోయింది, ఎందుకంటే పోయిన నెలే మా చుట్టాల్లో ఒక సంబంధం గోత్రం కలిసిందని వెనక్కి పోయింది. ఒక కథ మనుషుల పెళ్ళిళ్ళను నడిపించిందంటే అదీ చరిత్రే, కాకపోతే క్రీ.శ. 48 నాటిది కాదు, ఆ నమ్మకం నాటిది.

ఇక మన్ను తవ్వితే ఏం దొరికిందో చూడండి. గింహెలో దేసొంగ్-దొంగ్ అనే చోట గయా (మన బీహార్ గయ కాదు, సూరో రాజుదని చెప్పే కొరియా పాత రాజ్యం) రాజుల సమాధులు 1990 నుంచి తవ్వారు. ఇనుప కవచాలు, గుర్రపు సామాన్లు, ఉత్తరాది సంచార జాతుల తరహా కంచు పాత్ర, జపాన్ తరహా కంచు వస్తువులు దొరికాయి. గయా ఇనుముకు అంత పేరుండేది. ఆ ప్రాంతపు ఇనుము జపాన్ దాకా వెళ్ళేదని, సంతల్లో డబ్బులా చెల్లేదని చైనా వాళ్ళ పాత చరిత్రలో రాసి ఉంది. ఆ గయా సమాధుల్లో ఏడు చోట్లకు 2023లో యునెస్కో గుర్తింపు వచ్చింది.

మన దేశంతో సంబంధం కావాలంటే నిజమైనవే ఉన్నాయి కదా! దక్షిణ భారతంలోనూ ఆగ్నేయాసియాలోనూ తయారైన రకం సన్నటి గాజు పూసలు కొరియా పాత సమాధుల్లో వేల సంఖ్యలో దొరికాయి. చేతులు మారి మారి వెళ్ళి ఉంటాయి, వాటికి ఏ రాకుమారీ అక్కర్లేదు. 8వ శతాబ్దంలో కొరియాలోని సిల్లా రాజ్యానికి చెందిన హ్యెచొ అనే భిక్షువు మన దేశమంతా తిరిగి యాత్ర రాసుకున్నాడు. దక్షిణాదికి వచ్చి, నాగార్జునుడి కోసం యక్షులు కొండను తొలిచి కట్టారని చెప్పుకునే మూడంతస్తుల విహారం గురించి కూడా రాశాడు. ఆ రాతప్రతి 1908లో చైనాలోని దున్‌హువాంగ్ గుహల్లో బయటపడింది. నాగార్జునుడి పేరు రాసిన కొరియా మనిషి గురించి తెలుగు పేపర్లో ఒక్క లైను చూడలేదు నేను!

"అమ్మ" గొడవకు వస్తాను. హల్బర్ట్ అనే అమెరికన్ 1905లోనే కొరియా భాషను ద్రావిడ భాషలతో పోల్చి పుస్తకం వేశాడు. వాళ్ళ 'నా' అంటే నేను, 'నొ' అంటే నువ్వు, వింటే మనకూ ముచ్చటేస్తుంది. కానీ నాలుగు మాటలు కలిసినంత మాత్రాన చుట్టరికం తేలదు, ధ్వనులు ఒక పద్ధతిలో మారుతూ వందల మాటల్లో కనబడాలి. అలా చూపించలేకపోయారు కాబట్టే భాషావేత్తలు దాన్ని ఒప్పుకోలేదు. పసిపిల్లలు అమ్మను పిలిచే మాట చాలా భాషల్లో ఇంచుమించు ఇలాగే ఉంటుంది.

మరి వాళ్ళు ఎక్కడివాళ్ళు? ఒక్క రాణితో, ఒక్క ఓడతో మొదలైన జనం కాదండీ. 1978లో హంతాన్ నది ఒడ్డున జొంగోక్ అనే చోట ఒక అమెరికన్ సైనికుడికి రాతి చేతిగొడ్డళ్ళు కనిపించాయి, అతను ముందు పురావస్తు శాస్త్రం చదువుకున్నవాడు కాబట్టి గుర్తుపట్టాడు. మన నాగార్జునకొండ దగ్గర దొరికే తరహావి తూర్పు ఆసియాలో ఉండవు అని అప్పటిదాకా పండితులు గీత గీసి చెప్పేవాళ్ళు, ఆ గీత అక్కడ చెదిరింది. 1925లో సియోల్‌లో హాన్ నదికి పెద్ద వరద వచ్చి ఒడ్డు కోసుకుపోతే అంసా-దొంగ్ దగ్గర దువ్వెనతో గీసినట్టు గీతలున్న కుండ పెంకులు బయటపడ్డాయి, అది సుమారు 6 వేల ఏళ్ళ కిందటి ఊరు. ఆ తర్వాత వరి వచ్చింది, కంచు వచ్చింది, పెద్ద రాళ్ళ సమాధులు వచ్చాయి.

ఈ రాళ్ళ దగ్గరే నేను ఆగిపోతాను, ఎందుకంటే మాది ఓల్డ్ బోయిన్‌పల్లి. చిన్నప్పుడు హష్మత్‌పేట వైపు వెళ్తే గుండ్రంగా పేర్చిన బండలు కనిపించేవి. అటు జానంపేట, దామరవాయి వెళ్తే రాతి పలకలు నిలబెట్టి పైన బండ కప్పిన సమాధులు ఉన్నాయి, జనం రాక్షస గుళ్ళు అంటారు, ఇంగ్లీషులో డోల్మెన్లు. కొరియాలో గోచాంగ్, హ్వాసున్, గంఘ్వాలలో అచ్చం ఇలాంటివే వందల్లో ఉన్నాయి, 2000లో యునెస్కో జాబితాలో చేరాయి. కాలం కూడా దగ్గరదగ్గరే, క్రీ.పూ. మొదటి సహస్రాబ్ది. అయినా లోపల వస్తువులు వేరు. మన వాటిలో ఇనుప పనిముట్లు, నలుపు ఎరుపు కుండలు. వాళ్ళ వాటిలో నున్నగా సానపెట్టిన రాతి బాకులు, ఎర్రగా మెరుగుపెట్టిన కూజాలు, అక్కడక్కడ కంచు బాకులు. వీళ్ళను చూసి వాళ్ళు, వాళ్ళను చూసి వీళ్ళు నేర్చుకున్నారనడానికి ఆధారం లేదు. చనిపోయిన తమ మనిషి కోసం ఊరంతా కలిసి టన్నుల బండ లాగారు, ఇక్కడా అక్కడా. నాకు ఆ రాణి కథ కన్నా ఇదే ఎక్కువ దగ్గరగా అనిపిస్తుంది.

పాతవాటిని కాపాడుకోవడంలో అక్కడ అన్నీ సవ్యంగా ఉన్నాయని కూడా అనుకోవద్దు. ఉల్సాన్ దగ్గర బాంగుదే కొండరాతి మీద తిమింగలాల వేట బొమ్మలున్నాయి. 1965లో కట్టిన డ్యాం నీళ్ళు అవి మునిగేదాకా వచ్చేవి, బొమ్మలు ఉన్నాయని తెలిసిందే 1971లో. నీటిమట్టం తగ్గించాలా, తాగునీళ్ళు చూసుకోవాలా అని దశాబ్దాల పాటు కొట్లాడుకున్నారు, చివరికి 2025లో యునెస్కో గుర్తింపు వచ్చింది. నాగార్జునకొండను నీళ్ళకు ఇచ్చినవాళ్ళం, మనకు ఆ బాధ వివరించి చెప్పాలా? అదే గింహెలో 350 టన్నులుంటుందని చెప్పే డోల్మెన్ చుట్టూ పరిచిన రాళ్ళను 2022లో బాగుచేసే పనిలో పెరికేస్తే దేశమంతా గోల అయింది, ఫిర్యాదులు పోలీసుల దాకా వెళ్ళాయి. పైన బండను ముట్టుకోలేదు, కింద పరిచిన రాళ్ళు కదిపినందుకే అంత గోల.

మీకు నా మనవి రెండే. ఆ అరపేజీకి సవరణ వేయండి, కథ ఏ శతాబ్దంలో రాసిందో చెబితే చాలు. రెండోది, కొరియా డోల్మెన్ల ఫోటో, మన దామరవాయి ఫోటో పక్కపక్కన పెట్టి, వాటిలో ఏం దొరికిందో, ఏ కాలానివో రాయించండి. హష్మత్‌పేటలో ఇప్పుడు ఏం మిగిలిందో చూడ్డానికి మీ విలేకరి వస్తానంటే నేను వెంట వస్తాను, మా అమ్మాయి కూడా వస్తానంది.

ఇట్లు,
ఒక పాఠకురాలు,
ఓల్డ్ బోయిన్‌పల్లి, హైదరాబాద్