జీతం రాని టీచరు ఏ గడప తొక్కాలి?

సంపాదకుల వారికి నమస్కారం.

నేను కావలి దగ్గర ఒక ప్రైవేటు స్కూల్లో ఆరేళ్లు లెక్కలు చెప్పాను. మానేసేనాటికి మూడు నెలల జీతం, నెలకు 14,000 చొప్పున 42,000 రావాలి. అడగడానికి వెళ్లినప్పుడల్లా ఫీజు కౌంటర్ పక్కన బెంచీ మీద కూర్చోబెట్టేవాళ్లు. నా కళ్ల ముందే తల్లిదండ్రులు నోట్లు లెక్కపెట్టి కడుతుంటే, మిషన్ రసీదులు కొడుతుంటే, నాకు మాత్రం "వసూళ్లు లేవు మేడం, సోమవారం రండి" అనేవాళ్లు. గట్టిగా అడుగుదామంటే నా బీఈడీ ఒరిజినల్ వాళ్ల బీరువాలో ఉంది, ఆ టెన్షన్‌తో రాత్రిళ్లు నిద్రపట్టేది కాదు.

ఒక ఆఫీసుకు వెళ్తే టీచర్లు మా కిందికి రారన్నారు, ఇంకో ఆఫీసుకు వెళ్తే జీతాల గొడవ మాది కాదన్నారు. తర్వాత తెలిసింది ఏమంటే, పాత పారిశ్రామిక వివాదాల చట్టం కింద టీచరు 'వర్క్‌మన్' (కార్మికుడు) కాదని 1988లోనే సుప్రీంకోర్టు చెప్పింది, అందుకే లేబర్ కోర్టుకు పోలేం. అంతమాత్రాన దారే లేదనుకోవద్దు. జీతం బాకీకి మూడేళ్ల లోపు సివిల్ కోర్టులో దావా వేయొచ్చు. లాయరు ఫీజుకు భయపడేవాళ్లు జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి, లేదా 15100కు ఫోన్ చేయండి. ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయర్‌ని ఇస్తారు. ప్రైవేటు స్కూళ్లలో ఎక్కువమందిమి ఆడవాళ్లమే కదా, ఈ ముక్క ఎవరూ చెప్పరెందుకు? నేను అక్కడే అర్జీ పెట్టాను. అపాయింట్‌మెంట్ ఆర్డర్ లేదు, నా దగ్గర ఉన్నవల్లా బ్యాంకు పాస్‌బుక్కు, ఐడీ కార్డు, "రేపు 8బి క్లాసు మీరు చూడండి" లాంటి వాట్సాప్ మెసేజీలు. నోటీసు వెళ్లాక రెండు నెలల జీతం అకౌంట్లో పడింది, మూడోదీ సర్టిఫికెట్టూ ఇంకా రావాలి. లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే అక్కడిచ్చే అవార్డు, అంటే రాజీ ఉత్తర్వు, కోర్టు డిక్రీతో (తీర్పుతో) సమానం, దాని మీద అప్పీలు ఉండదు.

గ్రాట్యుటీ సంగతి ఇంకా ఘోరం. పార్లమెంటు 2009లో చట్టాన్ని సవరించి, 1997 ఏప్రిల్ 3 నుంచే టీచర్లకు వర్తించేట్టు చేసింది. స్కూళ్ల యాజమాన్యాలు కోర్టుకు వెళ్తే 2022లో సుప్రీంకోర్టు ఆ సవరణ సరైనదేనంది. పదిమంది, అంతకుమించి పనిచేసే స్కూల్లో ఐదేళ్లు నిండి మానేస్తే ఏడాదికి 15 రోజుల జీతం, నెలను 26 రోజులుగా లెక్కకట్టి ఇవ్వాలి. నాకు 48,461 రూపాయలు వస్తుంది. ఆగిపోయిన జీతం కంటే ఇదే ఎక్కువ, అయినా ఆరేళ్లలో ఒక్కరు కూడా దీని మాట ఎత్తలేదు.

కొత్త వేతనాల కోడ్ 2025 నవంబరు 21 నుంచి అమల్లోకి వచ్చింది. నెల జీతం మరుసటి నెల 7లోపు, మానేసినవాళ్లకు రెండు పని దినాల్లో ఇవ్వాలని అందులో ఉంది. ప్రైవేటు టీచర్లు దీని కిందికి వస్తారని ప్రభుత్వం రాతపూర్వకంగా చెప్పాలి. కలెక్టరేట్లో సోమవారం గ్రీవెన్స్‌లో మేమిచ్చే అర్జీని ఏ అధికారికి పంపుతున్నారో, ఎన్ని రోజుల్లో తేలుస్తారో రసీదు మీద రాసివ్వాలి. గుర్తింపు రెన్యువల్‌కు వచ్చిన ప్రతి స్కూలు దగ్గరా టీచర్ల జీతాలు బ్యాంకులో పడిన స్టేట్‌మెంట్ అడగమని జిల్లా విద్యాశాఖాధికారి గారిని కోరుతున్నాను.

ఒక లెక్కల టీచరు,
కావలి, నెల్లూరు జిల్లా