కూర్పు ఎవరిదో కూడా రాయండి

సంపాదకులకు నమస్కారం.

హాంకాంగ్ దర్శకుడు వాంగ్ కార్ వై మీద మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన వ్యాసం చదివాను. ‘ఇన్ ది మూడ్ ఫర్ లవ్’ (2000) గురించే అర పేజీ రాశారు, సంతోషం. దర్శకుణ్ణి మెచ్చుకున్నారు, ఛాయాగ్రాహకుడు క్రిస్టఫర్ డాయిల్‌ను మెచ్చుకున్నారు. నాయిక మ్యాగీ చియుంగ్ వేసుకున్న చియోంగ్‌సామ్‌లకు (ఒంటికి అతుక్కునే చైనా గౌన్లకు) ఒక పేరా కేటాయించారు. ఆ దుస్తులను రూపొందించింది, ఆ ఇరుకు గదులను తీర్చిదిద్దింది, చివరికి ఆ సినిమాను కూర్చింది, అంటే ఎడిట్ చేసింది ఒక్కరే: విలియం చాంగ్ సుక్ పింగ్. ఆయన పేరు మాత్రం వ్యాసంలో ఎక్కడా కనిపించలేదు.

నేను మద్రాసులోనూ, పరిశ్రమ తరలివచ్చాక హైదరాబాదులోనూ తెలుగు చిత్రాలకు సహాయ ఎడిటర్‌గా పనిచేశాను. ఫిల్మును చూస్తూ కత్తిరించే మూవియోలా యంత్రం పక్కన నిలబడి ఫిల్ము ముక్కలకు టేపు అతికించిన తరం మాది. మాకు దుస్తులంటే తలనొప్పి. గుమ్మం బయట నీలం చీరలో ఉన్న నాయిక లోపలికి వచ్చేసరికి పచ్చ చీరలో ఉంటే అది కంటిన్యుటీ తప్పు. మధ్యలో ఏ గోడ గడియారాన్నో, ఎవరి క్లోజప్‌నో పెట్టి కప్పిపుచ్చేవాళ్లం. సహాయ దర్శకుడికి తిట్లు ఎలాగూ తప్పేవి కావు.

చాంగ్ ఆ తప్పునే పనిముట్టుగా మలచుకున్నారు. అవే గదులు, అదే వెలుతురు. కట్ పడగానే మ్యాగీ ఒంటి మీద వేరే చియోంగ్‌సామ్. ‘మరునాడు’ అని తెర మీద రాయలేదు. ఇంకో రోజు గడిచిందని, నాయికా నాయకులిద్దరూ మళ్లీ కలిశారని, ఇంకా ఏమీ తేలలేదని చూసేవాళ్లకు ఆ పూల డిజైనే చెబుతుంది. బట్టను ఎంచిన మనిషే కత్తెర కూడా పట్టడం వల్లే ఇది కుదిరిందని నా నమ్మకం. ఏ దుస్తులు ఏ షాటు పక్కన పడితే కాలం కదులుతుందో ఆయనకు ముందే తెలిసి ఉండాలి.

పైగా అది పూర్తి స్క్రిప్టు చేతిలో పెట్టుకుని తీసిన సినిమా కాదు. ఏడాదికి పైగా తీశారు. 2046 నంబరు హోటల్ గదిలో తీసిన సన్నివేశాల్లో కొన్నింటిని పక్కన పెట్టేశారు. అలాంటి ముడిసరుకులోంచి గంటన్నర పైచిలుకు సినిమాను తేల్చడమంటే ఏమిటో కూర్పు బల్ల దగ్గర కూర్చున్నవాళ్లకే తెలుస్తుంది.

1953లో పుట్టిన చాంగ్ 1981లో హాంకాంగ్ దర్శకుడు పాట్రిక్ టామ్ సినిమాకు కళాదర్శకత్వం చేశారు. 1988లో వాంగ్ మొదటి సినిమాకూ కళాదర్శకుడు ఆయనే. 1994 నాటి వాంగ్ సినిమా ‘యాషెస్ ఆఫ్ టైమ్’ కూర్పులో ఆయన పేరు, టామ్ పేరు పక్కపక్కనే ఉంటాయి. అదే ఏడాది వచ్చిన ‘చుంగ్‌కింగ్ ఎక్స్‌ప్రెస్’ కూర్పులోనూ ఆయన చేయి ఉంది. 2000 కాన్ చిత్రోత్సవంలో ‘ఇన్ ది మూడ్ ఫర్ లవ్’కు సాంకేతిక బహుమతిని డాయిల్, మార్క్ లీ పింగ్ బిన్, చాంగ్ ముగ్గురికీ కలిపి ఇచ్చారు. (డాయిల్ మధ్యలో వెళ్లిపోతే కెమెరా బాధ్యత తీసుకున్నది ఈ లీ గారే. ఆయన పేరునూ మీరు వదిలేశారు.) వాంగ్ తీసిన ‘ది గ్రాండ్‌మాస్టర్’కు చాంగ్ కూర్పూ చేశారు, దుస్తులూ రూపొందించారు. 2014లో ఆయనకు ఆస్కార్ నామినేషన్ మాత్రం దుస్తులకే వచ్చింది. కూర్పు కంటికి కనబడదు కదా, ఆస్కార్ వాళ్లనైనా ఏమనగలం!

మీ సమీక్షల్లో నటీనటులు, సంగీతం, ఛాయాగ్రహణం ప్రతివారం ఉంటాయి. కూర్పు ఒక వారం ఉంటే రెండు వారాలు ఉండదు. సినిమా ఏ భాషదైనా ఆ ఒక్క పేరు కూడా వేయండి. స్థలం చాలకపోతే కథానాయకుడి ఫొటో కాస్త తగ్గించుకోవచ్చు.

ఇట్లు,
ఒక విశ్రాంత సహాయ ఎడిటర్,
హైదరాబాదు