ప్రోసారోపాడ్ అనే మాట గురించి నాన్నగారికి

ట్యూబింగెన్, జర్మనీ

పూజ్యులైన నాన్నగారికి నమస్కరించి వ్రాయునది. నేనిక్కడ క్షేమంగా ఉన్నాను. అమ్మ, మీరు కులాసాగా ఉన్నారని తలుస్తాను.

మీ ఉత్తరం అందింది. మంచిర్యాలలో మీ పాఠశాల గ్రంథాలయం కోసం గోదావరి లోయ డైనోసార్ల గురించి ఒక ఫలకం రాస్తున్నారని తెలిసి చాలా సంతోషించాను. తొలినాటి పొడవు మెడ డైనోసార్లను పాత పుస్తకాలన్నీ ‘ప్రోసారోపాడ్లు’ అంటుండగా కొత్త వ్యాసాల్లో ఆ పేరు కనిపించడం లేదనీ, దాని బదులు ‘సారోపోడోమార్ఫ్’ అనే మాట వస్తున్నదనీ, రెండింటిలో పిల్లలకు ఏది చెప్పాలనీ అడిగారు. నేను చదువుకుంటున్న విషయం కనుక మాత్రమే కాదు, ఆ మాట పుట్టింది ఈ ఊళ్లో పనిచేసిన పండితుని చేతిలోనే కనుక, దీనికి కొంచెం విస్తరించి జవాబు రాయాలనిపించింది.

ముందుగా సారోపాడ్లంటే ఏవో గుర్తు చేసుకుందాం. స్తంభాల వంటి నాలుగు కాళ్ల మీద నడుస్తూ, చాలా పొడవైన మెడ, తోక, శరీరంతో పోలిస్తే చిన్న తల కలిగిన మహాకాయ శాకాహారులవి. ఆ వర్గానికి 1878లో అమెరికా శాస్త్రజ్ఞుడు మార్ష్ ఆ పేరు పెట్టాడు. వాటికంటే పాత శిలల్లో, ట్రయాసిక్ యుగం చివరి భాగంలోనూ జురాసిక్ తొలి భాగంలోనూ, అంటే సుమారు 23 కోట్ల సంవత్సరాల నుంచి 18 కోట్ల సంవత్సరాల క్రితం వరకు, అదే పోలికలో ఉన్నా అంతకంటే చిన్నవైన మరికొన్ని జంతువులు దొరుకుతాయి. వాటి మెడ పొడవుగానే ఉంటుంది కాని అందులో సాధారణంగా పది వెన్నుపూసలే ఉంటాయి. పళ్లు ఆకు ఆకారంలో, అంచున పెద్ద నొక్కులతో ఉంటాయి. ముందుకాళ్లు వెనుకకాళ్ల కంటే పొట్టివి, చేతి బొటనవేలికి వంకర తిరిగిన పెద్ద గోరు ఉంటుంది. బ్రిటన్‌లోని బ్రిస్టల్ దగ్గర దొరికి 1836లో పేరు పొందిన థెకోడాంటోసారస్, ఆ మరుసటి సంవత్సరం జర్మనీలో హెర్మన్ ఫాన్ మేయర్ పేరు పెట్టిన ప్లేటియోసారస్, దక్షిణాఫ్రికా ఎముకలకు 1854లో రిచర్డ్ ఓవెన్ పేరు పెట్టిన మాసోస్పాండిలస్, చైనాలోని యున్నాన్ నుంచి 1941లో వెలుగులోకి వచ్చిన లూఫెంగోసారస్ వీటిలో పేరెన్నికగన్నవి.

ఇటువంటి జంతువులను ఒక గుంపుగా చేసి 1920లో ‘ప్రోసారోపోడా’ అన్న వాడు ఫ్రీడ్రిష్ ఫాన్ హ్యూనే, ఈ ట్యూబింగెన్ విశ్వవిద్యాలయపు పురాజీవ శాస్త్రజ్ఞుడు. ‘ప్రో’ అంటే ముందు అని అర్థం కనుక, సారోపాడ్లకు ముందువని ఆయన భావం. ఈ ‘ముందు’ అన్న దానిలోనే రెండు వేర్వేరు సంగతులు కలిసిపోయి ఉన్నాయని గమనించండి. కాలంలో ముందు వచ్చినవి అని ఒకటి, వంశంలో పూర్వీకులు అని మరొకటి. మొదటిది శిలల వరుస చూసి చెప్పగలం. రెండవదానికి ఎముకల సాక్ష్యం కావాలి. ఆ తరువాతి వందేళ్ల వాదమంతా ఈ రెండవదాని మీదనే నడిచింది.

హ్యూనే ఆ మాట చేసిన మరుసటి సంవత్సరం నుంచి 1923 వరకు ఇక్కడికి దక్షిణాన ఉన్న ట్రాసింగెన్‌లో తవ్వకాలు జరిపాడు. ఆయనకు ముందు ఫ్రాస్, ఆయన తరువాత 1932లో జేమన్ అదే చోట తవ్వారు. ఒకే కొండవాలులోని బంకమట్టి రాళ్ల నుంచి ఇన్ని ప్లేటియోసారస్ అస్థిపంజరాలు బయటపడడం వల్ల ప్రోసారోపాడ్ అంటే లోకానికి మొదట ప్లేటియోసారస్ రూపమే తోస్తుంది. అక్కడ దొరికిన దాదాపు సంపూర్ణమైన అస్థిపంజరం ఒకటి మా విశ్వవిద్యాలయ సంగ్రహశాలలో నిలబెట్టి ఉంది. ఈ జంతువు రెండు కాళ్లపై నడిచేదా, నాలుగు కాళ్లపైనా అని దశాబ్దాల పాటు తగవు సాగింది. ముంజేతి ఎముకలు ఒకదానిపై ఒకటి తిరిగి అరచేతిని నేలకు ఆనించగల అమరిక ప్లేటియోసారస్‌కు గాని మాసోస్పాండిలస్‌కు గాని లేదని 2007లో బానన్, సెంటర్ చూపించారు. తరువాత ఇక్కడి అస్థిపంజరాన్నే కంప్యూటర్ నమూనాగా మార్చి పరిశీలించిన మాలిసన్ కూడా ఇది రెండు కాళ్లపైనే నడిచిందని తేల్చాడు. నాలుగు కాళ్ల సారోపాడ్‌కు రెండు కాళ్ల బంధువు ఉండడం ఈ కథలో చాలా ముఖ్యమైన విషయం.

1932లో హ్యూనే తానే ప్రోసారోపోడాను, సారోపోడాను కలిపి ‘సారోపోడోమార్ఫా’ అనే పెద్ద వర్గాన్ని ఏర్పరచాడు. సారోపాడ్ పోలిక కలవన్నీ అందులోకి వస్తాయి. మీరు కొత్త వ్యాసాల్లో చూసిన మాట ఇదే కనుక, అది ప్రోసారోపాడ్‌ను తోసివేయడానికి ఇటీవల పుట్టించిన పేరు కాదని పిల్లలకు స్పష్టంగా చెప్పవచ్చు. రెండు మాటలకూ కర్త ఒకడే, వాటి మధ్య తేడా పన్నెండేళ్లే.

తరువాతి కాలంలో ప్రోసారోపాడ్లు నిజంగా పూర్వీకులేనా అన్న సందేహం బలపడింది. వాటి వెనుక పాదంలో అయిదవ వేలు బాగా కుంచించుకుపోయి ఉంటుంది, సారోపాడ్లలో అది బలిష్ఠంగా ఉంటుంది. ఒకసారి సన్నగిల్లిన వేలు మళ్లీ పెద్దదవుతుందా అని ప్రశ్నించినవారు, ఈ జంతువులు సారోపాడ్లకు తాతలు కావు, పక్కకు చీలి అంతరించిన దాయాదులు అన్నారు. అప్పుడు ప్రోసారోపోడా తనదైన ఒక మూలం, దాని సంతతి మొత్తం కలిగిన పూర్తి కొమ్మ అవుతుంది. పీటర్ గాల్టన్, పాల్ అప్‌చర్చ్ 2004లో కూడా ఈ అభిప్రాయాన్నే వివరంగా సమర్థించారు. దాదాపు అదే సమయంలో ఆడమ్ యేట్స్ చేసిన విశ్లేషణలు దీనికి విరుద్ధమైన ఫలితాన్ని ఇచ్చాయి. ప్రోసారోపాడ్లన్నవి ఒక కొమ్మ కావనీ, సారోపాడ్ల వైపు సాగే కాండం వెంట ఒకదాని తరువాత ఒకటిగా విడిపోయిన అనేక శాఖలనీ, వాటిలో కొన్ని ప్లేటియోసారస్ కంటే సారోపాడ్లకే దగ్గరివనీ ఆయన చూపాడు. ఆ తరువాత వచ్చిన పరిశోధనలు ఎక్కువగా ఈ వైపే మొగ్గాయి.

ఇలాంటి గుంపును శాస్త్రంలో పారాఫైలెటిక్ అంటారు. మన ముత్తాతగారి సంతానాన్ని అంతా రాస్తామని మొదలుపెట్టి, పట్నం వెళ్లి పెద్ద స్థితికి వచ్చిన ఒక శాఖను మాత్రం జాబితాలోంచి తీసేసి, మిగిలిన వాళ్లకు ‘ఊళ్లోవాళ్లు’ అని పేరు పెట్టామనుకోండి. ఆ పేరులో అబద్ధం లేదు. అయితే అది వంశం పేరు కాదు, ఎందుకంటే ఆ ఊళ్లోవాళ్లలో కొందరికి తోటి ఊళ్లోవాళ్ల కంటే పట్నం వాళ్లే దగ్గరి రక్తం. ఇప్పటి వర్గీకరణ పేర్లు ఒక పూర్వీకునికీ, అతని సంతతి అందరికీ కలిపి పెట్టాలన్నది నియమం కనుక ప్రోసారోపోడా ఆ నియమానికి నిలవలేదు.

దీనికి మన గోదావరి లోయ ఇచ్చే సాక్ష్యాన్ని మీ ఫలకంలో తప్పకుండా చేర్చమని నా మనవి. ప్రాణహిత, గోదావరి పరిసరాల్లో మాలేరి, ధర్మారం, కోటా శిలలు ఒకదానిపై ఒకటి వరుసగా ఉన్నాయి. ట్రయాసిక్ చివరి నాటి పై మాలేరి శిలల నుంచి నంబాలియా, జక్లపల్లిసారస్ అనే రెండు జంతువులకు 2011లో నోవాస్, ఆయన సహచరులు పేర్లు పెట్టారు. రెండు పేర్లలోనూ మన ఊళ్లే ఉన్నాయి. వాటికి పైన, జురాసిక్ తొలినాటి ఎగువ ధర్మారం శిలల నుంచి లాంప్లుసారా, ప్రధానియా వచ్చాయి. లాంప్లుసారా పేరు కలకత్తాలోని భారత గణాంక సంస్థలో పురాజీవ శాస్త్ర విభాగాన్ని నెలకొల్పిన పామెలా లాంప్లు రాబిన్సన్ స్మృత్యర్థం పెట్టారు. ప్రధానియా పేరు అదే సంస్థలో శిలాజాలు సేకరించిన ధుయియా ప్రధాన్‌ది. క్షేత్రంలో చెమటోడ్చినవాని పేరు శాస్త్రంలో శాశ్వతంగా నిలవడం నాకెంతో సంతోషాన్ని కలిగించే విషయం.

ఈ రెంటినీ 2007లో వర్ణించినవారు కుట్టి, శంకర్ చటర్జీ, గాల్టన్, అప్‌చర్చ్. చివరి ఇద్దరూ అంతకు మూడేళ్ల ముందు ప్రోసారోపోడాను పూర్తి కొమ్మగా సమర్థించినవారే. అయినా ఈ వ్యాసానికి వారు పెట్టిన శీర్షికలో ప్రోసారోపాడ్ అన్న మాట లేదు, ‘ఆది సారోపోడోమార్ఫులు’ అన్న అర్థం వచ్చే మాటే ఉంది. లాంప్లుసారాను వారు సారోపాడ్లలో చాలా తొలినాటిదిగా భావించారు, సారోపాడ్ల వెలుపలిది కావడానికి కూడా అవకాశం ఉంచారు. 2011 విశ్లేషణలో అది వెలుపలే నిలిచింది. ఎముకలు మారలేదు, వాటిని పోల్చడానికి ఎన్నుకున్న జంతువులూ లక్షణాలూ మారాయి. సరిహద్దు మీద నిలబడిన ఇలాంటి జంతువుకు ప్రోసారోపాడ్ అన్న ముద్ర వేస్తే, తేలని విషయం తేలినట్టు కనిపిస్తుంది.

ఇంకా పైన కోటా శిలలు. 1961లో, రవీంద్రనాథ్ ఠాగూర్ శతజయంతి సంవత్సరంలో తవ్వి తీసిన బారాపాసారస్ టాగోరై ఇందులోనిదే. దానికి 1975లో పేరు పెట్టారు. బెంగాలీలో ‘బారా పా’ అంటే పెద్ద కాలు, దాని తొడ ఎముకే దాదాపు 1.7 మీటర్లుంటుంది. పూర్వపు ఆదిలాబాద్ జిల్లా యామన్‌పల్లి దగ్గర దొరికిన కోటాసారస్‌కు 1988లో భారత భూవిజ్ఞాన సర్వేక్షణ సంస్థకు చెందిన యాదగిరి పేరు పెట్టారు. హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌లో మీరు పిల్లలకు చూపించే అస్థిపంజరం ఇదే. స్తంభం లాంటి నిటారు తొడ ఎముకతో అది స్పష్టంగా సారోపాడే. అయినా కటి ఎముక పైఅంచు పొట్టిగా ఉండడంలోనూ, తొడ ఎముక మీద చిన్న ట్రొకాంటర్ అనే పాత గడ్డ మిగిలి ఉండడంలోనూ ప్రోసారోపాడ్ల పోలిక పోలేదు. ఇక్కడ ‘ప్రోసారోపాడ్ల పోలిక’ అనడంలో తప్పు లేదని నా అభిప్రాయం. అది వంశం పేరుగా కాక శరీరపు తీరుకు పేరుగా వాడిన మాట. నంబాలియా నుంచి కోటాసారస్ దాకా ఈ మార్పు దశలు ఒకే లోయలో దొరకడం మన ప్రాంతపు విశేషం.

ఈ మాటను ఎముకలకు తొందరపడి తగిలించిన సందర్భాలు కూడా ఉన్నాయి. జింబాబ్వేలో దొరికిన వల్కనోడాన్‌ను 1972లో ప్రోసారోపాడ్‌గానే వర్ణించారు. దాని పక్కన కత్తుల వంటి మాంసాహారి పళ్లు దొరకడం ఇందుకొక కారణం. ఆ పళ్లు వేరే డైనోసార్‌వని తరువాత తేలింది, వల్కనోడాన్ సారోపాడ్లలోకి వెళ్లింది. ఇక్కడి స్టుట్‌గార్ట్ పరిసరాల టెరటోసారస్ కథ కూడా ఇటువంటిదే. ఆ పేరుకు ఆధారమైన దవడ డైనోసార్‌దే కాదని 1980ల్లో నిర్ధారించేదాకా, మాంసం తినే ప్రోసారోపాడ్లు ఉండేవన్న భ్రమ పుస్తకాల్లో నిలిచిపోయింది.

మరి ఇప్పుడు ఏమనాలి? కొందరు ‘బేసల్ సారోపోడోమార్ఫ్’ అన్నారు. బేసల్ అంటే మొదటి మెట్టుదని అర్థం, అందులో తక్కువస్థాయిదన్న ధ్వని ఉందని మరికొందరు ‘ముందుగా విడిపోయిన సారోపోడోమార్ఫ్’ అంటున్నారు. ‘సారోపాడ్ కాని సారోపోడోమార్ఫ్’ అన్నది కచ్చితంగా తోస్తుంది గాని, సారోపోడా గీత ఎక్కడ గీయాలన్న దానిపైనే ఏకాభిప్రాయం లేదు. ఒక నిర్వచనం వల్కనోడాన్ నుంచి మొదలుపెడుతుంది, ఇంకొకటి మెలనోరోసారస్ అనే మరో తొలినాటి జంతువు కంటే సారోపాడ్ల వైపు ఉన్నవన్నిటినీ లోపలికి తెస్తుంది. గీత జరిగితే ఆ పేరు కిందకు వచ్చే జంతువులూ మారతాయి. కొందరు ప్రోసారోపాడ్‌ను ఉల్లేఖన చిహ్నాల మధ్య పెట్టి, వర్గంగా కాక పరిచయానికి వీలైన పేరుగా వాడుతున్నారు.

మీ ఫలకానికి నా సలహా ఇది. శీర్షికలో ‘తొలి సారోపోడోమార్ఫులు’ అని రాయండి. దాని కింద, పాత పుస్తకాల్లో వీటిని ప్రోసారోపాడ్లు అనేవారని ఒక్క వాక్యం తప్పక చేర్చండి, లేకపోతే గ్రంథాలయంలో పాత పుస్తకం తెరిచిన విద్యార్థికి ఈ రెండూ వేర్వేరు జంతువులని తోస్తుంది. నంబాలియా, జక్లపల్లిసారస్, ప్రధానియాలను ఒక వరుసలో ఉంచండి. బారాపాసారస్, కోటాసారస్‌లను సారోపాడ్లుగా వేరే చూపండి. లాంప్లుసారాను రెంటికీ నడుమ ఉంచి, దాని స్థానంపై పండితులు ఇంకా ఏకీభవించలేదని పక్కన రాయండి. ‘సారోపాడ్ల తాతలు’ అన్న మాట మాత్రం ఎక్కడా రానివ్వకండి. ఫలకం ముసాయిదా సిద్ధమైతే పంపండి, పేర్ల అక్షరక్రమం సరిచూసి వెంటనే తిప్పి పంపుతాను.

అమ్మకు నా నమస్కారాలు తెలియజేయండి.

ఇట్లు,
మీ కుమార్తె