నా కొలతల పుస్తకం తెరిచి చూడండి

మేనేజర్ గారికి,
మోటారు క్లెయిముల విభాగం.

విషయం: ప్రమాదం వల్ల పోయిన సంపాదనకు రుజువులంటూ ఏడు నెలలుగా తిప్పడం గురించి.

అయ్యా,

తెనాలిలో ఇరవై రెండేళ్లుగా జాకెట్లు కుట్టి బతుకుతున్నదాన్ని. కిందటేడు మార్చిలో నేనెక్కిన ఆటోను మీ దగ్గర ఇన్సూరెన్స్ ఉన్న లారీ గుద్దింది. కుడి మణికట్టు విరిగి ప్లేటు వేశారు. గుద్దింది మీరు కాదు, ఆ మాట నేను ఎక్కడా అనలేదు. నా బాధ ఆ తరవాతి సంగతి.

ప్రమాద పరిహారాలు తేల్చే ట్రిబ్యునల్లో ఓపీ, అంటే పరిహారం పిటిషన్, వేశాక మీ ఆఫీసు నుంచే ఫోన్ వచ్చింది. "కోర్టు చుట్టూ తిరగడం ఎందుకమ్మా, లోక్ అదాలత్‌లో తేల్చుకుందాం, ఆదాయం రుజువు తెండి" అన్నారు. నమ్మి వచ్చాను. కౌంటర్లో ఉన్నాయన జీతం స్లిప్ అడిగారు. ఇంట్లో మిషన్ కుట్టుకునేదానికి జీతం ఎవరిస్తారండీ అంటే ఇన్‌కంటాక్స్ రిటర్న్ తెమ్మన్నారు. నెలకు పద్నాలుగు, పదిహేను వేలు వచ్చేదాన్ని, నాకు రిటర్నెక్కడిది? రెండోసారి బ్యాంకు స్టేట్‌మెంట్ అడిగితే తెచ్చాను. ఫోన్‌పే డబ్బులు మా అమ్మాయి నంబరుకు పడతాయి కాబట్టి అది అమ్మాయి ఆదాయమట! ఆ పిల్ల ఇంటర్ చదువుతోంది. మూడోసారి వెళ్తే ఆయన బదిలీ అయ్యారు, ఫైలు కనిపించడం లేదు, అన్నీ మళ్లీ ఇమ్మన్నారు. డ్వాక్రా పాస్‌బుక్కు చూపించి, ఒక్క వాయిదా తప్పకుండా కట్టాను, సంపాదన లేకపోతే ఎలా కడతానండీ అని అడిగాను. జవాబు లేదు. హైదరాబాద్ ఆఫీసుకు ఫోన్ చేస్తే నలభై నిమిషాలు లైన్లో ఉంచి కట్ చేశారు.

ఇవన్నీ ఓర్చుకున్నాను. నా పుస్తకాన్ని చూసిన తీరు మాత్రం ఓర్చుకోలేకపోతున్నాను. పేజీకొక మనిషి పేరు, ఛాతీ, నడుము, చెయ్యి కొలతలు, పక్కన గుండుసూదితో గుచ్చిన గుడ్డ ముక్క. లైనింగ్ జాకెట్ 350, మామూలుది 150, అడ్వాన్స్ ఎంత, బాకీ ఎంత, అన్నీ తేదీలతో ఉన్నాయి. శ్రావణమాసం పేజీలు చూస్తే ఊపిరి సలపని పని. మార్చి 11 తరవాత ఒక్క అక్షరం లేదు. సంపాదన ఆగిపోయిందనడానికి అంతకంటే ఏం చూపించాలి? మీ అధికారి దాన్ని చేత్తో తాకకుండా పెన్నుతో పక్కకు జరిపి "ఇది నోట్‌బుక్కమ్మా, ప్రూఫ్ కాదు" అన్నారు.

మా వకీలు గారు చెప్పారు. 2014లో సయ్యద్ సాదిక్ కేసులో, కూరగాయలు అమ్ముకునే మనిషి దగ్గర ఆదాయం కాగితాలు ఉండాలనడం సరికాదని సుప్రీంకోర్టు అంది. అతని ఆదాయం నెలకు 6,500 అనుకుని పరిహారం లెక్కగట్టింది. అతనికో న్యాయం, నాకో న్యాయమా?

ఇంకొకటి. సదరం సర్టిఫికెట్లో వైకల్యం 30 శాతం అని ఉంది కాబట్టి సంపాదనలో 30 శాతమే పోయినట్టు లెక్క అన్నారు. పెద్ద కత్తెర పట్టాలంటే బొటనవేలు వంగాలి. నాది వంగదు. కత్తిరించలేని దర్జీకి మిగిలిన 70 శాతం పని ఎవరిస్తారు? చెయ్యి ఎంత పోయిందని కాదు, ఆ చేత్తో చేసే పని ఎంత పోయిందో చూడాలని రాజ్ కుమార్ కేసులో 2010లోనే కోర్టు చెప్పింది.

మా ఆయన బండికి తొమ్మిదేళ్లుగా మీ దగ్గరే ఇన్సూరెన్స్ కడుతున్నాం. ఒక్క ఏడు గడువు దాటలేదు. ఆ డబ్బు తీసుకునేటప్పుడు ఎక్కడ సంపాదించారని ఎవరూ అడగలేదు.

నా నెల సంపాదన ఎంతని మీరు లెక్క కడుతున్నారో, ఏ కాగితం ఎందుకు చెల్లదో సంతకం పెట్టి రాసివ్వండి. నోటిమాటలు ఇక వద్దు. పదిహేను రోజుల్లో జవాబు రాకపోతే లోక్ అదాలత్‌కు రాను. పదకొండేళ్లుగా నా దగ్గర కుట్టించుకుంటున్న టీచరమ్మ గారు, ఇంకా నలుగురు సాక్ష్యం చెప్పడానికి సిద్ధంగా ఉన్నారు. ఓపీ వేసిన రోజు నుంచి వడ్డీ కూడా అడుగుతాం.

పుస్తకం జిరాక్సు మాత్రమే జత చేస్తున్నాను. అసలుది ఇవ్వను. కుట్టివ్వాల్సిన ఆరు జాకెట్ల కొలతలు ఇంకా అందులోనే ఉన్నాయి.

ఇట్లు,
క్లెయిముదారు