మళ్లీ కెమెరా ముందు కూర్చున్నవాళ్లకు

మొన్న డిసెంబర్‌లో నా హార్డ్ డిస్క్ పాడైంది. పరకాల దగ్గర మా ఊళ్లో రెండేళ్ల నుంచి తీస్తున్న డాక్యుమెంటరీ ఇంటర్వ్యూలు పదకొండు అందులోనే ఉన్నాయి. కాపీ లేదు. ఆ రాత్రి అన్నం సహించలేదు.

హనుమకొండ చౌరస్తా దగ్గర రిపేర్ షాపు తమ్ముడు నాలుగు రోజులు కూర్చుని ఏడు ఇంటర్వ్యూలు బయటికి తీశాడు. డబ్బులిస్తే సగమే తీసుకున్నాడు. "మా బాపు, మా మేనమామ ఎలక్షన్ల సంది మాట్లాడుకుంటలేరన్నా. సినిమా అయినంక నాకు చూపియ్యి" అన్నాడు. తమ్ముడూ, తప్పకుండా చూపిస్తాను.

తెలియనివాళ్ల కోసం సినిమా సంగతి చెప్తాను. 2011లో తెలంగాణ రాష్ట్రం కోసం సకల జనుల సమ్మె 42 రోజులు నడిచింది. అప్పుడు మా బస్టాండు దగ్గర ఒకే టెంటు కింద కూర్చున్నవాళ్లు ఇవాళ ఒకరింటి పెళ్లికి ఒకరు పోవడం లేదు. 2014 జూన్ 2న రాష్ట్రం వచ్చిందని ఒకరి నోట్లో ఒకరు మిఠాయి పెట్టుకున్నదీ వీళ్లే. ఎవరికి నచ్చిన పార్టీలో వాళ్లు ఉంటారు, అందులో తప్పేముంది? పలకరింపు పోయిందన్నదే నా బాధ. 2023 నవంబర్ 30 అసెంబ్లీ పోలింగ్‌కు ముందు ఊరి వాట్సాప్ గ్రూపు కూడా రెండైంది. ఇప్పుడు ఊళ్లో ఎవరైనా చనిపోతే ఆ కబురు ఒక్కోసారి ఒక గ్రూపులోనే పడుతుంది.

పోయిన నాలుగు ఇంటర్వ్యూల కోసం మళ్లీ ఇల్లిల్లూ తిరిగాను. పత్తి ఏరే రోజులు, ఎవరికీ తీరిక లేదు. అయినా నలుగురూ కూర్చున్నారు.

మా పెద్దబాపు మొదటిసారి కండువా సర్దుకుని అవతలివాళ్ల మీద గంటసేపు మాట్లాడారు. ఈసారి చేను నుంచి నేరుగా వచ్చి, కాళ్లు కడుక్కుని అరుగు మీద కూర్చున్నారు. సమ్మెలో అందరూ రోడ్డు మీదే వండుకుని తిన్న వంటావార్పు రోజు గుర్తుందా అని అడిగాను.

"ఎందుకు లేదు బిడ్డా? బియ్యం మావి, గంజు ఆళ్లది. ఆ గంజు ఇంకా మా ఇంట్లనే ఉన్నది" అని లోపలికి పోయి ఆ వంట గిన్నె తెచ్చారు. అడుగున మసి పోలేదు. అంచు మీద చెక్కిన ఎదురింటివాళ్ల ఇంటిపేరును బొటనవేలితో తుడిచి కెమెరాకు చూపించారు.

మొదటిసారి మాట్లాడిన కోపం కూడా నిజమే. అది పోయినందుకు ఇప్పటికీ బాధగానే ఉంది. కానీ ఈ గంజు మాత్రం పెద్దబాపు మళ్లీ కూర్చోకపోతే నాకు దొరికేది కాదు.

పెద్దబాపూ, మీకు దండం. నేను ఆ ఇంటికీ ఈ ఇంటికీ తిరుగుతున్నానని తెలిసి కూడా ఒక్క మాట అనకుండా రెండు పూటలా అన్నం పెట్టిన ఎదురింటి పెద్దమ్మకూ దండం. పనిరోజు కూలీ వదులుకుని నాతో మాట్లాడిన ఎనుమాముల మార్కెట్ హమాలీ అన్నను కూడా మరవను.

సినిమా మొదట మా ఊరి బడి ఆవరణలోనే వేస్తాను. తేదీ ఖాయమయ్యాక రెండు గ్రూపుల్లోనూ పెడతాను.