వార్షిక నివేదిక: తాబేళ్లు, రేవెన్లు, మన చెత్తడబ్బాలు

సభ్యులందరికీ నమస్కారం. లాస్‌వేగాస్, హెండర్సన్ తెలుగు కుటుంబాల తరఫున ఈ ఏడాది ఉగాది, బతుకమ్మ, దీపావళి ఎప్పటిలాగే జరిగాయి. జమాఖర్చులు కోశాధికారి విడిగా పంపుతారు. ఈసారి ఎక్కువగా చెప్పాల్సింది తాబేళ్ల సంగతి.

వసంతంలో పిల్లల్ని ఎడారికి తీసుకెళ్లినప్పుడు కరెంటు టవర్ కింద ఒక తాబేటి డిప్ప కనిపించింది. అగ్గిపెట్టె అంత ఉంది. వీపు మీద వేలు దూరేంత కన్నం, లోపల ఖాళీ. తలెత్తి చూస్తే టవర్ మీద రేవెన్ (కాకి జాతికే చెందిన పెద్ద నల్ల పక్షి) గూడు.

మొహావీ ఎడారి తాబేలు నెవాడా రాష్ట్ర సరీసృపం. 1990 నుంచి ఫెడరల్ చట్టం రక్షణలో ఉంది. పిల్ల తాబేటి డిప్ప గట్టిపడడానికి 5, 6 ఏళ్లు పడుతుంది. అప్పటిదాకా రేవెన్ ముక్కుకి అది అప్పడమే.

అలాగని రేవెన్‌ని తిట్టి లాభం లేదు. ఒకప్పుడు ఈ ఎడారిలో అవి తక్కువే. డంప్‌స్టర్లనే పెద్ద చెత్తడబ్బాలు, స్ప్రింక్లర్ల నీళ్లు, కార్ల కింద పడి చచ్చిన కుందేళ్లు, గూటికి టవర్లు, అన్నీ మనమే అమర్చిపెట్టాం. 1918 నాటి వలస పక్షుల చట్టం ఉంది కాబట్టి అనుమతి లేకుండా వాటిని చంపకూడదు. కాలిఫోర్నియా వైపు త్రీడీ ప్రింటర్‌తో చేసిన ఉత్తుత్తి తాబేళ్లతో, లేజర్లతో వాటిని బెదరగొట్టి చూశారు. మన చేతిలో ఉన్నది మాత్రం చెత్తడబ్బా.

ఉగాది పిక్నిక్‌లో మన తప్పు ఒప్పుకోవాలి. పులిహోర ప్లేట్లతో డబ్బాలు పొంగిపొర్లాయి, మనం కార్లెక్కకముందే రేవెన్లు దిగాయి. దీపావళికి మూత బిగించే డబ్బాలు కొన్నాం, మిగిలిన అన్నం ఎవరింటికి వాళ్లు పట్టుకెళ్లారు.

పక్షులకి తిండి పెట్టొద్దని తీర్మానం పెడితే కమిటీలో ఒక పెద్దాయన లేచి, "మరి తద్దినం నాడు కాకికి ముద్ద పెట్టొద్దా? ఇక్కడ నాకు దొరికే కాకి ఇదే కదా!" అన్నారు. ఎవరి దగ్గరా జవాబు లేదు. పంతులుగారిని అడిగితే, ఆవుకి పెట్టినా సరే అన్నారు. వేగాస్‌లో ఆవుని వెతకడం కొత్త కమిటీకి అప్పగిస్తున్నాం. తీర్మానం మాత్రం నెగ్గింది.

ఎడారిలో తాబేలు కనబడితే ముచ్చటపడి ఎత్తుకోవద్దు. బెదిరితే ఒంట్లో దాచుకున్న నీళ్లన్నీ వదిలేస్తుంది, ఎండాకాలంలో ప్రాణం మీదకి వస్తుంది. కారు తీసేముందు ఒకసారి వంగి కిందకి చూడండి, నీడ కోసం చేరి ఉండొచ్చు.

మూత డబ్బాలు కార్యదర్శి గ్యారేజీలో ఉన్నాయి. సంక్రాంతికి కావలసినవాళ్లు ముందే చెప్పి తీసుకెళ్లండి, కడిగి తిరిగివ్వండి.