సాంబయ్య అడిగితే ఏం చెప్పను?

మచిలీపట్నం,
శనివారం సాయంత్రం

చిరంజీవి శ్రీధర్‌కి అమ్మ ఆశీస్సులు.

ఇక్కడ అందరం కులాసా. నీ దగ్గర్నుంచి ఫోన్ వచ్చి ఇరవై నాలుగు రోజులైంది. లెక్కపెడుతున్నానని కాదు. పాల లెక్క రాసే క్యాలెండర్‌లోనే అదీ గీసుకున్నాను, కంటపడింది. పొద్దున్నే వాట్సాప్‌లో నువ్వు పంపే గులాబీ బొమ్మలు ఫోన్ కింద జమ కావు.

ఆవకాయ అందిందా? జాడీకి వాసెన గుడ్డ మళ్లీ కట్టారా? తడి గరిట పెట్టకండి. కోడలికి చెప్పినా నీకు చెప్పినా ఒకటే, ఇద్దరూ వినరు. షుగర్ టెస్టు చేయించుకున్నావా?

మొన్న మందులకని కోనేరు సెంటర్‌కి వెళ్తే పేపర్ ఏజెంటు కనపడ్డాడు. "ఏమ్మా, అబ్బాయిగారు ప్రెస్సు స్థలం అపార్ట్‌మెంట్ల వాళ్లకి, పత్రిక టైటిల్ హైదరాబాద్ వాళ్లకి ఇచ్చేస్తున్నారటగా" అన్నాడు. నవ్వి ఊరుకున్నాను. వాడికేం, ఏడాదికోసారి ఎవరో ఒకరి పత్రికని నోటితోనే మూసేస్తుంటాడు. నేనేం పట్టించుకోలేదు. ఊరి కబుర్లు చెప్పాలని రాస్తున్నానంతే.

సంక్రాంతికి నువ్విచ్చిన కేథరిన్ గ్రాహమ్ ఆత్మకథ పూర్తి చేశాను. పక్కన డిక్షనరీ పెట్టుకుని రోజుకి పది పేజీలు. 1998లో పులిట్జర్ బహుమతి ఇచ్చారంటే ఇవ్వరా మరి! వాళ్ల నాన్న యూజీన్ మేయర్, దివాలా తీసిన వాషింగ్టన్ పోస్ట్ అనే అమెరికా పేపర్‌ని 1933లో వేలంలో 8,25,000 డాలర్లకి పాడుకున్నాడు. తీరా పెత్తనం ఇచ్చింది కూతురికి కాదు, అల్లుడికి. షేర్లు కూడా అల్లుడికే ఎక్కువ రాశాడు, మగవాడు పెళ్లాం కింద పనిచేసినట్టు ఉండకూడదని. మీ తాతగారు ఈ మాట వింటే తల ఊపేవారు. 1963లో ఆ అల్లుడు ప్రాణం తీసుకున్నాక, నలభై ఆరేళ్ల వయసులో ఆవిడ వచ్చి కుర్చీలో కూర్చుంది. అందరూ మగవాళ్లుండే మీటింగుల్లో నోరు పెగిలేది కాదట. ఆ పేజీ దగ్గర పుస్తకం మూసేసి కాసేపు అలా కూర్చున్నాను.

పెంటగాన్ పత్రాలు, వాటర్‌గేట్ లాంటి ప్రభుత్వ గుట్లు ఆ పేపర్ అచ్చువేసిన సంగతులు అందరూ చెప్పేవే. నాకు బాగా పట్టింది 1975 నాటి సమ్మె. అక్టోబర్ 1 తెల్లవారుజామున ప్రెస్సులో పనివాళ్లు మిషన్లు పాడుచేసి, ఫోర్‌మన్‌ని కొట్టి, బయటికి నడిచారు. అయినా పేపర్ ఆగింది ఒక్కరోజే. ఆఫీసు డాబా మీద హెలికాప్టర్ దింపి, తయారైన పేజీలు చుట్టుపక్కల చిన్న ఊళ్ల ప్రెస్సులకి చేరవేసి అచ్చు వేయించారు. చూశావా, అంత పెద్ద పేపర్‌ని గట్టెక్కించింది మనలాంటి చిన్న ప్రెస్సులే! ఆవిడేమో క్లాసిఫైడ్స్ ఫోన్ల దగ్గర కూర్చుని ప్రకటనలు రాసుకుంది. శనివారం రాత్రుళ్లు, పోస్టులో వెళ్లాల్సిన ఆదివారం కాపీలు చుట్టి అడ్రసు చీటీలు అంటించింది. చదువుతుంటే నవ్వొచ్చింది. మీ నాన్న పోయిన ఏడాదంతా శుక్రవారం రాత్రుళ్లు నేను చేసింది ఇంకేమిటి? సాంబయ్య అచ్చు మిషన్ ట్రెడిల్ తొక్కేవాడు, చిన్నత్త మడతలు పెట్టేది, నేను మైదా జిగురుతో చీటీలు. నాలుగో క్లాసు వెధవ్వి నువ్వు, న్యూస్‌ప్రింట్ రీముల మీద బోర్లా పడి నిద్రపోయేవాడివి. తెల్లారేసరికి బుగ్గంతా సిరా. మనకి హెలికాప్టర్ లేదుగానీ సాంబయ్య సైకిలుండేది. వానలో కట్టల మీద తన చొక్కా కప్పి, బనీనుతో పోస్టాఫీసుకి తొక్కుకుంటూ వెళ్లాడొకసారి. మర్నాడు జ్వరం. ఆ జ్వరంతోనే మళ్లీ వచ్చాడు.

ఒక్కటి మాత్రం నచ్చలేదు. ఆ సమ్మె పనివాళ్ల చోట వేరేవాళ్లని పెట్టుకున్నారు. మిషన్ల మీద చెయ్యి వెయ్యనివాళ్లు కూడా చాలామంది వీధిన పడ్డారు. ఆవిడ తన వైపు న్యాయం చెప్పుకుంది, చెప్పుకోవాలి కూడా. నాకు మాత్రం ఆ నెల వాళ్ల ఇళ్లలోకి సరుకులు ఎలా వచ్చాయో అనిపించింది. సాంబయ్యకి పీఎఫ్ కట్టలేదు మనం. గుర్తుందా?

బుజ్జిని అడిగితే ఫోన్‌లో చూసి చెప్పింది, ఆవిడ 2001లో పోయిందనీ, కొడుకు డొనాల్డ్ 2013లో పేపర్‌ని అమెజాన్ బెజోస్‌కి 250 మిలియన్ డాలర్లకి అమ్మాడనీ. ఆ పుస్తకం నాకెందుకిచ్చావో అప్పుడు అర్థమైంది. అమ్మడం తప్పని నేననను. నాగేశ్వరరావు పంతులుగారి ఆంధ్రపత్రికే 1991లో ఆగిపోయింది. కృష్ణాపత్రిక పుట్టిన ఈ ఊళ్లో ఉంటూ పత్రికలు మూతపడటం నాకు కొత్తా? కాగితం ధర తెలుసు, రాని ప్రకటనల బకాయిలూ తెలుసు. కానీ ఆ డొనాల్డ్ ఆఫీసులో అందర్నీ పిలిచి, తనే ఎదురుగా నిలబడి చెప్పాడట. పేపర్ ఏజెంటు చేత చెప్పించలేదు.

ఉపన్యాసం ఇవ్వకూడదనే మొదలుపెట్టాను. అయినా రాస్తున్నా, విను. ఏ కాగితం మీదా తొందరపడి సంతకం పెట్టకు, ముందు లాయరుకి చూపించు. అడ్వాన్సు చేతికొచ్చింది కదా అని కారు మార్చకు. 77 ఉప్పెన తర్వాత మీ తాతగారు ఒక్కో కాగితం విడదీసి ఎండబెట్టిన పాత బైండ్లు తూకానికి వెయ్యకు. వేటపాలెం సారస్వత నికేతనం వాళ్లు పాత పత్రికలు దాస్తారు, అడిగి చూడు. పత్రిక మీద ప్రచురణకర్తగా ఇప్పటికీ నా పేరే పడుతోంది. అది నీకు గుర్తుచేస్తున్నానని అనుకోకు.

రాత్రుళ్లు విజయవాడ రోడ్డు మీద కారు నడపకు. భోజనం వేళకి తిను, నీకు గ్యాస్ పడదు.

రేపు ఆదివారం సాంబయ్య వస్తాడు. మోకాళ్లు పట్టేశాయి, అయినా వారానికోసారి వచ్చి మిషన్ తుడిచి, గుమ్మంలో కూర్చుని కాఫీ తాగి వెళ్తాడు. ఏజెంటు మాట వాడి చెవిన కూడా పడే ఉంటుంది. అడిగితే ఏం చెప్పమంటావు?

ఇట్లు,
అమ్మ

ఆవకాయ అయిపోతే జాడీ కడిగి ఎండబెట్టి నువ్వే తీసుకురా. కొరియర్‌లో పంపితే పగులుతుంది.